పొగలు లేచిన ఒడ్డు

1520 అక్టోబరు 21న నాలుగు స్పానిష్ ఓడలు దక్షిణ అమెరికా కొసకు దగ్గరలో ఒక అంతరీపాన్ని చుట్టి పడమటికి తిరిగాయి. ఎదురుగా వెడల్పయిన మొగ కనబడింది. అది నది మొగా, అఖాతమా, ఏడాదిగా వెతుకుతున్న దారా? చెప్పగలిగినవాడు ఆ ఓడల మీద ఒక్కడూ లేడు. నాయకుడు మాగెల్లాన్ పోర్చుగీసువాడు. 1505లో అల్మైదా నౌకాదళంతో మన పడమటి తీరానికి వచ్చి, కణ్ణూరు దగ్గర, డయ్యూ దగ్గర యుద్ధాల్లో పాల్గొని, మలక్కా దాకా వెళ్లినవాడు. తూర్పుగా వెళ్లి చూసిన ఆ మసాలా దినుసుల లోకాన్ని ఈసారి పడమటి నుంచి అందుకోవాలన్నది అతని పంతం. దానికి అడ్డంగా అమెరికా ఖండం పడి ఉంది.

ఆ ఏడాది మొదట్లోనే ఒకసారి మోసపోయారు. లా ప్లాటా మొగ దగ్గర ఇదే దారి అనుకుని రోజుల తరబడి లోపలికి వెతికారు. నీళ్లు నోట్లో పోసుకుంటే తియ్యగా ఉన్నాయి. నది! మళ్లీ దక్షిణానికి దిగారు. చలికాలమంతా సాన్ హూలియాన్ అనే రేవులో గడిపారు. అక్కడ తిరుగుబాటు జరిగింది, శిక్షలు పడ్డాయి. ఆ నెలల్లోనే సాంటియాగో అనే ఓడ పగిలిపోయింది. ఐదు ఓడలు నాలుగయ్యాయి.

ఈ కొత్త మొగ సంగతి తేల్చుకు రమ్మని మాగెల్లాన్ రెండు ఓడలను ముందుకు పంపాడు. తుఫాను లేచింది. ఒడ్డుకు కొట్టుకుని పగిలిపోతామనుకున్న క్షణాన ఆ ఓడలకు ఒక ఇరుకు కనబడింది. గాలి వాటిని అందులోకి తోసేసింది. ఆ ఇరుకు దాటితే ఒక విశాలమైన అఖాతం, దాని వెనక ఇంకో ఇరుకు, దాని వెనక మరింత విశాలమైన నీళ్లు. ఎంత దూరం వెళ్లినా నీళ్లు ఉప్పగానే ఉన్నాయి. జెండాలు ఎగరేస్తూ, ఫిరంగులు పేలుస్తూ తిరిగి వచ్చిన ఆ ఓడలను చూసి మిగతా రెండు ఓడలవాళ్లు కేకలు వేశారని, ఆ యాత్రలో ఉన్న ఇటలీవాడు పిగఫెట్టా రాసుకున్నాడు.

ఆ రెండు ఇరుకులకు ఇప్పటికీ మొదటి ఇరుకు, రెండో ఇరుకు అనే పేర్లు. మొదటిదాని వెడల్పు సుమారు నాలుగు కిలోమీటర్లే. వాళ్లకు దొరికిన ఆ దారి, ఇప్పటి మాగెల్లాన్ జలసంధి, మొత్తం 570 కిలోమీటర్ల పొడవు. దాని స్వభావం తెలియాలంటే ఈ తూర్పు గుమ్మం దగ్గర కాసేపు నిలబడాలి.

ఇక్కడ అట్లాంటిక్ పోటుకూ పాటుకూ నీటి మట్టంలో తేడా ఎనిమిది, తొమ్మిది మీటర్లు ఉంటుంది. రెండంతస్తుల మేడ ఎత్తు నీరు రోజుకు రెండుసార్లు ఎక్కి దిగుతుందన్నమాట. విశాఖ రేవులో పౌర్ణమి, అమావాస్యల పోటుకు కూడా ఆ తేడా సుమారు మీటరున్నరే. అదే చంద్రుడు, అదే సూర్యుడు. మరి ఇంత తేడా ఎందుకు? నడి సముద్రంలో పోటు అల ఎత్తు మీటరు లోపే. ఈ పటగోనియా తీరం ముందు మాత్రం వందల కిలోమీటర్ల దూరం లోతు తక్కువ నేల అరుగులా పరుచుకుని ఉంది. లోతు నుంచి ఆ అరుగు మీదకు ఎక్కిన అల నెమ్మదిస్తుంది, నెమ్మదించిన కొద్దీ ఎత్తు పెరుగుతుంది. పైగా ఆ అరుగు వెడల్పూ లోతూ ఎలా కుదిరాయంటే, దాని మీద నీరు ఊగే తీరు చంద్రుడు పన్నెండు గంటలకోసారి లాగే లాగుడుతో దాదాపు కలుస్తుంది. ఉయ్యాల వెనక్కి వచ్చిన ప్రతిసారీ సరిగ్గా ఆ వేళకు ఊపినట్టు. చిన్న తోపులే పెద్ద ఊపు అవుతాయి.

జలసంధి పడమటి గుమ్మం దగ్గర పసిఫిక్ పోటు మీటరున్నరకు అటూ ఇటూ. ఒక కొసన ఇంత ఎత్తు, ఇంకో కొసన అంత తక్కువ. అట్లాంటిక్ తన బరువంతా ఇరుకులోకి తోస్తే నీరు గంటకు పదిహేను కిలోమీటర్ల వేగంతో పరుగెడుతుంది. ఆరు గంటల తర్వాత అంతే కోపంగా వెనక్కి వస్తుంది. తెరచాప ఓడకు అనుకూలమైన గాలి ఉన్నా ఆ ప్రవాహానికి ఎదురు నిలవడం కష్టం. పోటు వేళ చూసుకుని దాటడం తప్ప వేరే మార్గం లేదు. రెండు ఇరుకులూ దాటేసరికి ఆ పోటు బలమంతా గొంతు నొక్కినట్టు తగ్గిపోతుంది. పుంటా అరేనాస్ పట్నం దగ్గర సముద్రం దాదాపు సౌమ్యంగానే ఉంటుంది.

యంత్రాలు వచ్చాక కూడా ఈ గుమ్మం లొంగలేదు. 1974 ఆగస్టు 9న మెతులా అనే భారీ చమురు ఓడ ఈ మొదటి ఇరుకు దగ్గరే మెరకెక్కి కూర్చుంది. సుమారు 50,000 టన్నుల చమురు నీళ్లలో కలిసింది. పెద్ద పోటు దాన్ని మామూలు అలలు ఎప్పుడూ చేరని ఉప్పు మడుల లోపలికి మోసుకెళ్లి వదిలింది. గులకరాళ్లతో కలిసి గట్టిపడిన ఆ చమురు రోడ్డు మీది తారులా దశాబ్దాల పాటు అక్కడే ఉండిపోయింది. చలి ప్రాంతంలో చమురును తినే సూక్ష్మజీవుల పని కూడా నత్తనడకే.

ఈ దారిని తొలిచింది సముద్రం కాదు, మంచు. సుమారు 20,000 ఏళ్ల కిందట, మంచుయుగం ముదిరిన రోజుల్లో, దక్షిణాన ఇప్పుడు డార్విన్ శ్రేణి అంటున్న కొండల మీంచి హిమానీనదాలు ఉత్తరానికి, తూర్పుకు పాకి వచ్చాయి. కిందున్న నేలను గోరి, ఆ రాళ్లనూ మట్టినీ ముందుకు నెట్టి, కరిగిపోతున్నప్పుడు గట్లుగా పోసి వెళ్లాయి. తూర్పున ఇరుకుల దగ్గర రెండు వైపులా కనిపించే గట్లలో చాలా భాగం మంచు పోసినవే. అప్పట్లో సముద్రం ఇప్పటికంటే నూరు మీటర్లకు పైగా కిందుండేది. మంచు వెనక్కి తగ్గింది కానీ సముద్రం ఇంకా పైకి రాలేదు. ఆ మధ్యకాలంలో ఇక్కడ ఉన్నది నడిచి దాటగలిగిన నేల.

మనుషులు దాటారు కూడా. జలసంధికి ఉత్తరాన ఫెల్ గుహ అనే చోట 1936-37లో జూనియస్ బర్డ్ అనే అమెరికన్ తవ్వకాలు జరిపి, చేప ఆకారంలో చెక్కిన రాతి ఈటె మొనలు, వాటితో పాటే అంతరించిపోయిన అమెరికా గుర్రాల ఎముకలు, నేల మీద తిరిగే భారీ స్లాత్‌ల ఎముకలు బయటికి తీశాడు. పదివేల ఏళ్లకు పైబడిన పొయ్యిలవి. ఆ కాలపు మనుషులే దక్షిణానికి నడిచి వెళ్లారు. తర్వాత, సుమారు ఎనిమిది తొమ్మిది వేల ఏళ్ల కిందట, పెరుగుతున్న సముద్రం ఇరుకుల దగ్గర గట్టు తెంచుకుని లోపలికి వచ్చింది. అవతల ఉన్నవాళ్లు దీవి మనుషులయ్యారు. ఆ తెగిన రోజును చూసినవాళ్లు ఉండే ఉంటారని అనుకుంటే నాకు ఒళ్లు జలదరిస్తుంది.

పడమటి సగానికి వెళ్తే వేరే లోకం. ఆండీస్ పర్వతాలు ఇక్కడ సముద్రంలోకి దిగి మునుగుతాయి. హిమానీనదాలు తొలిచిన లోయల్లోకి నీరు నిండి ఫియర్డులయ్యాయి. ఒడ్డు గోడలా నిటారుగా దిగుతుంది, ఒడ్డుకు ఆనుకుని కూడా లోతు వందల మీటర్లు. మాగెల్లాన్ మనుషులు లంగరు వేస్తే అడుగు తగల్లేదు, ఓడలను మోకులతో ఒడ్డుకే కట్టుకోవాల్సి వచ్చింది. ఈ ఫియర్డుల్లో ఒక పొడవాటి చీలిక వెంట రెండు భూఫలకాలు, దక్షిణ అమెరికా ఫలకమూ స్కోషియా ఫలకమూ, ఒకదాన్నొకటి రాసుకుంటూ జరుగుతున్నాయి. 1949 డిసెంబరు 17న అది గట్టిగా కదిలి ఈ ప్రాంతమంతా అల్లాడింది.

ఇక గాలి. జలసంధి 52, 54 డిగ్రీల దక్షిణ అక్షాంశాల మధ్య ఉంది. ఆ అక్షాంశాల్లో భూగోళం చుట్టూ పడమటి గాలికి అడ్డొచ్చే నేల దాదాపు లేదు. సముద్రం మీద వేల కిలోమీటర్లు పరుగెత్తి వచ్చిన ఆ గాలికి మొదట తగిలే గోడ ఈ కొండలే. మోసుకొచ్చిన తేమంతా పడమటి వైపు దింపేస్తుంది. అక్కడ కొన్నిచోట్ల ఏడాదికి నాలుగు వేల మిల్లీమీటర్ల వాన. కొండలు దాటి పుంటా అరేనాస్ చేరేసరికి మిగిలేది నాలుగు వందలు. పడమటి కనుమల చాటున అనంతపురం ఎండిపోయే లెక్కే ఇది. అందుకే జలసంధి పడమటి కొస నాచు పట్టిన తడి అడవి, తూర్పు కొస చెట్టు లేని గడ్డి మైదానం.

కొండల మీద చల్లబడి బరువెక్కిన గాలి ఒక్కోసారి లోయల్లోంచి నీటి మీదకు ఒక్క ఉదుటున దూకుతుంది. నావికులు దాన్ని విలివా అంటారు. నిశ్చలంగా ఉన్న నీరు చూస్తుండగానే తెల్లగా నురగలెత్తుతుంది, ఓడ ఒక పక్కకు ఒరుగుతుంది. మాగెల్లాన్ ఈ దారిని 38 రోజుల్లో దాటాడు. 1578లో ఇంగ్లీషువాడు డ్రేక్ పదహారు రోజుల్లో దాటేశాడు. 1766 డిసెంబరులో ప్రవేశించిన వాలిస్ మరుసటి ఏప్రిల్‌కు గానీ బయటపడలేదు. నావికుడి నేర్పు ఒక్కటే చాలదు, ఎదురుగాలి కాసేపు కళ్లు మూసుకోవాలి. 1896లో జాషువా స్లోకమ్ ఒంటరిగా స్ప్రే అనే చిన్న పడవలో వచ్చి, జలసంధి దాటి పసిఫిక్‌లో పడిన వెంటనే తుఫానుకు దక్షిణానికి కొట్టుకుపోయి, రాళ్ల మధ్యనుంచి ప్రాణం దక్కించుకుని, మళ్లీ అదే జలసంధిలోకి వచ్చి తేలాడు. దాటిన దారిలో కొంత భాగాన్ని ఇంకోసారి దాటాల్సి వచ్చింది.

1520లోకి మళ్లీ వెళ్దాం. ఎడమ ఒడ్డున రాత్రిళ్లు మంటలు కనిపించాయి. అందుకే ఆ నేలకు స్పానిష్‌లో తియెర్రా దెల్ ఫ్వేగో, అగ్ని భూమి, అని పేరొచ్చింది. ఆ మంటలు వేసినవాళ్లతో మాగెల్లాన్ మాట్లాడింది లేదు. నాలుగు ఓడల్లో ఒకటి, సాన్ ఆంటోనియో, చీకటి మాటున తప్పించుకుని స్పెయిన్‌కు పారిపోయింది. మిగిలిన మూడు నవంబరు 28న పసిఫిక్‌లోకి వెళ్లిపోయాయి. దారి దొరికిందని ముందు వెళ్లిన పడవ వచ్చి చెబితే మాగెల్లాన్ కన్నీళ్లు పెట్టుకున్నాడట. తర్వాతి కథ చాలామందికి తెలిసిందే. ఫిలిప్పీన్స్‌లో అతను హతమయ్యాడు. 1522 సెప్టెంబరులో విక్టోరియా అనే ఓడ ఒక్కటే, 18 మందితో, ఎల్కానో నాయకత్వంలో స్పెయిన్ చేరింది.

ఆ మంటల దగ్గర ఎవరున్నారు? ఉత్తరపు మైదానాల్లో గ్వానకో అనే జంతువులను వేటాడే అయోనికెంక్‌లు. తియెర్రా దెల్ ఫ్వేగో పెద్ద దీవి మీద సెల్క్‌నామ్‌లు. పడమటి ఫియర్డుల్లో కవేస్కార్‌లు. కవేస్కార్‌లకు నేల మీద స్థిరమైన ఊరంటూ లేదు, పడవే ఇల్లు. పడవ మధ్యలో మట్టి పరిచి దాని మీద నిప్పు ఆరకుండా చూసుకునేవారు. వర్షంలో తడిసిన అడవిలో కొత్తగా నిప్పు పుట్టించడం ఎంత కష్టమో తెలిసినవాళ్లు చేసే పని అది. ఆడవాళ్లు ఆ మంచునీళ్లలో మునిగి గుల్లలు, ఆల్చిప్పలు ఏరుకొచ్చేవారు. మగవాళ్లు సీల్ జంతువులను వేటాడేవారు. ఏ రాతి మాటున గాలి తగలదో, ఏ ఇరుకులో పోటు ఎప్పుడు తిరుగుతుందో వాళ్లకు తరతరాలుగా తెలుసు. ఐరోపా పటాల్లో ఈ నీరు ఒక సముద్రం నుంచి ఇంకో సముద్రానికి గీసిన గీత. వాళ్లకు అది కాపురముండే చోటు. ఈ జలసంధి చరిత్రలో జరిగిన విషాదాలు చాలావరకు ఈ తేడాలోంచే పుట్టాయని నేననుకుంటాను.

గీతగా చూసినవాళ్ల మొదటి విషాదం వాళ్ల మీదే పడింది. డ్రేక్ ఈ దారిన వచ్చి పెరూ తీరాన్ని దోచాక, గుమ్మానికి తాళం వేయాలని స్పెయిన్ రాజు రెండో ఫిలిప్ నిశ్చయించాడు. పెద్రో సార్మియెంతో అనే నావికుడు 1584లో కొన్ని వందల మందిని తీసుకొచ్చి ఒడ్డున రెండు ఊళ్లు కట్టాడు. ఆడవాళ్లు, పిల్లలు కూడా వచ్చారు. కొద్ది నెలలకే తుఫాను అతని ఓడను అట్లాంటిక్‌లోకి తరిమేసింది. సహాయం కూడగట్టాలని ఎంత తిప్పలు పడ్డా కుదరలేదు. ఐరోపా వెళ్తుంటే ఇంగ్లీషువాళ్లు పట్టుకున్నారు. ఇక్కడివాళ్లు ఎదురుచూస్తూ ఆకలికి ఒక్కొక్కరే రాలిపోయారు. 1587 జనవరిలో కావెండిష్ అనే ఇంగ్లీషువాడు వచ్చేసరికి శవాలు, ఖాళీ ఇళ్లు, కొద్దిమంది బతికున్నవాళ్లు. ఆ చోటుకు అతను పెట్టిన పేరు ఆకలి రేవు. పటాల్లో ఇప్పటికీ అదే పేరు. ఆ నీళ్లలోనే, ఆ ఒడ్డునే, కవేస్కార్‌లు పిల్లాపాపలతో బతుకుతున్నారు. గోధుమలు మొలవని చోట గుల్లలు ఎలా తినాలో అడిగి నేర్చుకునే స్నేహం ఆ రెండు జాతుల మధ్య ఏర్పడలేదు.

అడిగి తెలుసుకున్నవాళ్లు లేకపోలేదు, మనుషుల్ని కాకపోతే చెట్లని. డ్రేక్‌తో వచ్చిన జాన్ వింటర్ అనే కెప్టెన్ వెనుదిరిగి వెళ్తూ ఇక్కడి ఒక ఘాటైన చెట్టు బెరడు పట్టుకెళ్లాడు. తాజా ఆహారం లేక చిగుళ్లు వాచి నావికులు చనిపోయే స్కర్వీ జబ్బుకు అది మందుగా వాడారు. ఇప్పటికీ ఆ చెట్టు శాస్త్రనామంలో వింటర్ పేరుంది. 1767లో బూగాన్‌విల్ ఓడల్లో వచ్చిన వృక్షశాస్త్రజ్ఞుడు కొమెర్సాన్ ఇక్కడ మొక్కలు సేకరించాడు. అతని సంచులు మోసిన సహాయకుడు నిజానికి మగవేషంలో ఉన్న జాన్ బారే అనే స్త్రీ. భూమిని చుట్టివచ్చిన తొలి మహిళగా ఆమెను ఇప్పుడు గుర్తిస్తున్నారు.

ఆకలి రేవుకు ఇంకో కథ ఉంది. విజ్ఞాన చరిత్రలో దానికి ఉండాల్సినంత పేరు లేదు. 1826లో బ్రిటిష్ నౌకాదళం ఈ తీరాన్ని కొలిచి పటం గీయమని రెండు ఓడలను పంపింది. అందులో చిన్నదాని పేరు బీగిల్, కెప్టెన్ ప్రింగిల్ స్టోక్స్. రెండేళ్లు ఆ పడమటి వాన, గాలి, మబ్బు మధ్య కొలతలు తీశాడు. నావికులు జబ్బుపడ్డారు. ఎండ మొహం చూసే రోజులు వేళ్ల మీద లెక్కపెట్టేటట్టు ఉండేవి. అతని మనసు కుంగిపోయింది. 1828 ఆగస్టులో ఆకలి రేవులో తన గదిలో తలుపు వేసుకుని తుపాకితో కాల్చుకున్నాడు. వెంటనే చనిపోలేదు, పదకొండు రోజులు బాధపడి పోయాడు. అక్కడే సమాధి చేశారు.

ఆ ఓడకు కొత్త కెప్టెన్‌గా వచ్చినవాడు ఇరవై మూడేళ్ల రాబర్ట్ ఫిట్జ్‌రాయ్. అతని మేనమామ కూడా ఆత్మహత్య చేసుకున్నవాడే. 1831లో బీగిల్‌ను రెండోసారి తీసుకెళ్లాల్సి వచ్చినప్పుడు, కెప్టెన్ హోదా తెచ్చే ఒంటరితనం తననూ అదే దారి పట్టిస్తుందేమోనని అతనికి భయం. భోజనానికి ఎదురుగా కూర్చుని మాట్లాడే, చదువుకున్న తోడు కావాలని అడిగాడు. ఆ చోటులోకి వచ్చినవాడే చార్లెస్ డార్విన్. పరిణామ సిద్ధాంతం పుట్టుకకు గాలపగోస్ పిచ్చుకలను అందరూ తలుచుకుంటారు. ఆకలి రేవులో ఒంటరిగా కుంగిపోయిన ఆ మనిషి సమాధిని కూడా తలుచుకోవాలని నాకనిపిస్తుంది.

1834లో డార్విన్ అదే ఆకలి రేవులో దిగి దగ్గరున్న టార్న్ కొండ ఎక్కాడు. కుళ్లిన దుంగల మధ్య, మోకాలి లోతు నాచులో పాకుతూ వెళ్లి, పైన రాళ్లలో సముద్రజీవుల శిలాజాలు ఏరాడు. ఒకప్పటి సముద్రపు అడుగు ఇప్పుడు కొండ తల మీద! నీళ్లలో పెరిగే కెల్ప్ అనే పెద్ద సముద్రపు నాచు కూడా అతన్ని కట్టిపడేసింది. దాని ఆకుల మీద, వేళ్ల మధ్య లెక్కలేనన్ని జీవాలు. అడవిని నరికితే పోయే జంతువుల కంటే ఈ నాచు పోతే పోయే జీవజాతులే ఎక్కువని అతని అంచనా. నావికులకు అది ప్రాణదాత కూడా. నీటి కింద దాగిన ప్రతి రాతి మీదా కెల్ప్ మొలిచి పైకి తేలుతుంది, ఇక్కడ రాయి ఉందని చెబుతుంది.

ఇంత చూడగలిగిన ఆ కళ్లు ఇక్కడి మనుషుల్ని మాత్రం దాదాపు జంతువులుగా చూశాయి. డార్విన్‌ను నేనెంత ఇష్టపడతానో ఆ పేజీలు చదివేటప్పుడు అంత బాధపడతాను. మంచు ఒంటి మీద పడి కరుగుతున్నా బిడ్డకు పాలిస్తున్న తల్లిని చూసి అతను ఆశ్చర్యపోయాడు. ఆ చలిలో అలా బతకగలగడం వెనక ఎన్ని వేల ఏళ్ల నేర్పు ఉందో అప్పుడు అడగలేదు.

ఆ తర్వాత చరిత్ర వేగం పెంచింది. ఆవిరి ఓడలు వచ్చాక ఎదురుగాలి భయం తగ్గి జలసంధి రాజమార్గమైంది. 1843 సెప్టెంబరులో అంకుద్ అనే చిన్న ఓడ వచ్చి చిలీ జెండా పాతింది. ఐదేళ్లకు పుంటా అరేనాస్ వెలిసింది. 1881లో చిలీ, అర్జెంటీనా ఒప్పందం చేసుకుని ఈ నీళ్లు ఎప్పటికీ తటస్థమనీ, అన్ని దేశాల ఓడలకూ తెరిచి ఉంటాయనీ రాసుకున్నాయి. దాటిపోయేవాళ్లకు అది మంచి ఒప్పందం.

అక్కడే ఉండేవాళ్లకు ఆ దశాబ్దాలు కాళరాత్రి. 1870ల చివర ఫాక్లాండ్ దీవుల నుంచి గొర్రెలు దిగాయి. పెద్ద దీవి మీద కంచెలు లేచాయి. గ్వానకోలు తరిగిపోయి, ఆకలికి గొర్రెను చంపిన సెల్క్‌నామ్‌లను భూస్వాముల మనుషులు వేటాడి చంపారు. మిగిలినవాళ్లను డాసన్ దీవిలోని క్రైస్తవ మిషన్‌కు తరలిస్తే జబ్బులు తుడిచిపెట్టాయి. 1881లో పదకొండు మంది కవేస్కార్‌లను పట్టుకుపోయి పారిస్, బెర్లిన్ లాంటి నగరాల్లో జంతుప్రదర్శనలా చూపించారు. వారిలో ఐదుగురు జ్యూరిక్‌లో చనిపోయారు. వాళ్ల ఎముకలు 2010లో గానీ తిరిగి ఇంటికి రాలేదు.

1914 ఆగస్టులో పనామా కాలువ తెరుచుకుంది. ఓడలు అటు మళ్లాయి, పుంటా అరేనాస్ రేవు వెలవెలబోయింది. 2023లో పనామాలో కరువొచ్చి కాలువకు నీరందించే గాతున్ సరస్సు తగ్గిపోయినప్పుడు ఓడల కంపెనీల చూపు మళ్లీ ఇటు పడింది. ఇప్పుడు ఒక ఓడ ఈ దారిని ఒకటిన్నర రోజు లోపే దాటేస్తుంది. నావికులను అంత ఏడిపించిన గాలితో కరెంటు తీసి, దాంతో ఇంధనం తయారుచేసే ప్రయోగాత్మక కర్మాగారం 2022 డిసెంబరులో పుంటా అరేనాస్ దగ్గర మొదలైంది. మూడో కార్లోస్ దీవి చుట్టూ నీళ్లలో హంప్‌బ్యాక్ తిమింగిలాలు వేసవిలో మేతకు వస్తాయి. 2003లో అక్కడే చిలీ తన తొలి సముద్ర రక్షిత ప్రాంతాల్లో ఒకదాన్ని ఏర్పాటుచేసింది.

సెల్క్‌నామ్‌లు అంతరించిపోయారని వందేళ్లు పుస్తకాలు రాశాయి. వాళ్ల వారసులు మేమున్నామని పోరాడి 2023లో చిలీ చట్టంలో సజీవ ఆదివాసీ జాతిగా గుర్తింపు తెచ్చుకున్నారు. కవేస్కార్‌లూ ఉన్నారు, కొద్దిమందే. పడమటి ఫియర్డుల నేలను చిలీ ప్రభుత్వం వాళ్ల పేరుతోనే జాతీయ వనంగా ప్రకటించింది. కానీ ఆ దీవుల మధ్య నీటిని వనంలో కలపలేదు. దాన్ని వేరే తరగతి కింద పెట్టింది, ఆ తరగతిలో సాల్మన్ చేపల పెంపకానికి చోటుంది. కవేస్కార్ సంఘాలు ఒప్పుకోలేదు. ఒడ్డును వనమని, నీటిని ఇంకేదో అని విడదీయడం తమకు తెలియని పద్ధతి అని, తమ పూర్వీకులు తిరిగిందీ తిన్నదీ నీళ్ల మీదేనని వాళ్ల వాదన. సాల్మన్ వలలు వద్దని వాళ్లు ఇంకా అడుగుతూనే ఉన్నారు.